సి.కె. నాయుడు: కొఠారి వారి కనకయ్య

కొఠారి కనకయ్య నాయుడు (1895 అక్టోబరు 31 – 1967 నవంబరు 14) భారత టెస్టు క్రికెట్ జట్టుకు మొట్టమొదటి కెప్టెన్. పొడుగ్గా బ్యాటు ఊపి సిక్సర్లు కొట్టే కుడిచేతి వాటం ఆటగాడు, అవసరానికి బంతి అందుకుని వికెట్లు తీసే బౌలరు, మైదానంలో పాదరసంలాంటి ఫీల్డరు. 1916లో మొదలుపెట్టిన ఫస్ట్‌క్లాస్ క్రికెట్‌ను 68 ఏళ్ల వయసులో గానీ వదల్లేదు. పుట్టింది నాగపూర్‌లో, కొలువు చేసిందీ కన్నుమూసిందీ ఇండోర్‌లో, పేరు తెచ్చుకుంది బొంబాయిలో. ఇంటిపేరు మాత్రం మనది. కొఠారి వారి మూలాలు మచిలీపట్నంలో ఉన్నాయి.

కలిదిండి మండలం వాళ్లకు ఈ సంగతి కాస్త దగ్గరగా తగలాలి. బంటుమిల్లి, పెడన దాటితే బందరే, అంటే మచిలీపట్నమే. 2022 ఏప్రిల్‌లో ఈ మండలాన్ని ఏలూరు జిల్లాలో కలిపేదాకా కలెక్టరాఫీసు పని పడితే వెళ్లిందీ బందరుకే. అయినా ఈ చుట్టుపక్కల క్రికెట్ ఆడే కుర్రాళ్లను సి.కె. నాయుడు ఎవరని అడిగితే, అదేదో ట్రోఫీ పేరు కదండీ అంటారు. వాళ్ల తప్పేమీ లేదు. మనిషి పోయి ట్రోఫీ మిగిలినప్పుడు అంతే జరుగుతుంది.

పుట్టుక, పెంపకం

తాత నారాయణస్వామి నాయుడు నాగపూర్‌లో పేరున్న వకీలు, ఊళ్లకు ఊళ్లున్న భూస్వామి, కాంగ్రెస్ తొలి రోజుల సభ్యుల్లో ఒకరు. తండ్రి సూర్యప్రకాశరావు కేంబ్రిడ్జిలో చదువుకున్నాడు. అక్కడ రంజీకి సహాధ్యాయి. ఈ రంజీ పేరిటే తర్వాత రంజీ ట్రోఫీ వచ్చింది. అంటే కనకయ్యది కలిగిన ఇల్లు. చేతికి బ్యాటు అందడానికి ఆయన ఎవరి గుమ్మం ముందూ నిలబడాల్సిన పని లేకపోయింది. ఈ మాట ముందే చెప్పుకోవాలి, ఎందుకంటే ఆయన జీవితాన్ని అమెరికా నల్లజాతి బేస్‌బాల్ ఆటగాళ్ల జీవితాలతో పోల్చాలని ఎవరికైనా అనిపిస్తుంది. ఆ పోలిక కొంత దూరమే నడుస్తుంది.

నాగపూర్‌లో హిస్లాప్ విద్యాసంస్థల్లో చదువుకుంటూ ఆట నేర్చాడు. 1923లో హోల్కర్ సంస్థానాధిపతి ఇండోర్‌కు పిలిపించుకుని సైన్యంలో హోదా ఇచ్చాడు. ‘కర్నల్’ అన్న బిరుదు అక్కడిదే. అప్పట్లో మన దేశంలో క్రికెట్ ఆడి జీతం తీసుకునే పద్ధతి లేదు. రాజుగారి కొలువులో ఉద్యోగం, ఆ ఉద్యోగం పేరు చెప్పి ఆట. మనవాళ్లలో ప్రొఫెషనల్ అనదగ్గవాళ్లు బతికింది ఇలాగే.

మతాల వారీ మైదానం

ఆ రోజుల్లో దేశంలో పెద్ద పోటీ బొంబాయి క్వాడ్రాంగ్యులర్. జట్లు నాలుగు: యూరోపియన్లు, పార్సీలు, హిందువులు, ముస్లింలు. 1937లో మిగిలినవాళ్లందరినీ పోగుచేసి ‘ది రెస్ట్’ అని అయిదో జట్టు పెట్టారు. 1946తో ఆ పోటీయే ఆగిపోయింది. ఊరూ జిల్లా చూసి కాదు, ఏ దేవుడికి దణ్ణం పెడతావో చూసి జట్టులోకి తీసుకునేవారు. తెల్లవాళ్లదో పంక్తి, మిగతావాళ్లది వాళ్ల వాళ్ల పంక్తి.

సరిగ్గా ఆ కాలంలోనే అమెరికాలో బేస్‌బాల్ ఆట రెండుగా చీలి ఉంది. 1884లో మోజెస్ ఫ్లీట్‌వుడ్ వాకర్ అనే నల్లజాతి ఆటగాడు పెద్ద లీగులో ఆడాడు. తర్వాత ఎవరూ కాగితం మీద రాయకుండానే తలుపు మూసేశారు. నల్లవాళ్లు తమ లీగులు తాము పెట్టుకున్నారు. ఆ తలుపు 1947 ఏప్రిల్ 15న బ్రూక్లిన్ డాడ్జర్స్ తరఫున జాకీ రాబిన్సన్ దిగినప్పుడు గానీ తెరుచుకోలేదు. నీగ్రో లీగుల్లో కొండంత పేరున్న జోష్ గిబ్సన్ దానికి మూణ్నెల్ల ముందే చనిపోయాడు. ఆయన లెక్కలను పెద్ద లీగు తన పుస్తకాల్లో ఎక్కించుకున్నది 2024లో.

మన దగ్గర రాబిన్సన్‌కు అసలైన జోడీ వెతకాలంటే నాయుడి కంటే ముందు పల్వంకర్ బాలూను తలుచుకోవాలి. పుణెలో తెల్లవాళ్ల క్లబ్బులో పనివాడిగా చేరి, నెట్స్‌లో వాళ్లకు బంతులేసి ఎదిగిన దళితుడు. మైదానంలో అందరితో కలిసి ఆడేవాడు. టీ వేళకు మాత్రం ఆయనకు బయట, మట్టి ముంతలో పోసేవారు. 1911లో ఇంగ్లండు వెళ్లి వందకు పైగా వికెట్లు తీసుకొచ్చినా హిందువుల జట్టు కెప్టెన్సీ ఇవ్వలేదు. 1923లో ఆయన తమ్ముడు విఠల్‌కు దక్కింది. నాయుడిది కులం వల్ల వచ్చిన కష్టం కాదు. అయితే కెప్టెన్సీ అనే గడప దగ్గర మాత్రం ఆయనకూ కాలు తడబడేలా చేశారు. ఆ కథ ముందుంది.

నాయుడి ఫస్ట్‌క్లాస్ అరంగేట్రం 1916లో, హిందువుల తరఫున యూరోపియన్ల మీద. 79 పరుగులకు 7 వికెట్లు పోయి జట్టు కుదేలై ఉంది. కొత్త కుర్రాడు వచ్చి మూడు బంతులు అడ్డుకున్నాడు. నాలుగో బంతిని సిక్సర్ కొట్టాడు.

116 నిమిషాలు

ఆయన జీవితంలో ఒక్క రోజే చూపించమంటే 1926 డిసెంబరు 1ని చూపించాలి. ఇంగ్లండు నుంచి ఆర్థర్ గిల్లిగన్ సారథ్యంలో ఎం.సి.సి. జట్టు వచ్చింది. బొంబాయి జింఖానా మైదానంలో హిందువులతో ఆట. ఆ జింఖానా తెల్లవాళ్ల క్లబ్బు, భారతీయులకు సభ్యత్వం లేదు. ఆడటానికి గడ్డి మీదకు రావచ్చు, సభ్యుడిగా వరండాలో కూర్చోవడానికి వీల్లేదు. ముందు బ్యాటింగ్ చేసిన ఎం.సి.సి. 363 పరుగులు చేసింది. గై అర్ల్ అనే ఆసామి 8 సిక్సర్లతో 130 బాదాడు. చూసిన జనం ఇంతకంటే కొట్టేవాడు ఉండడనుకున్నారు.

రెండోరోజు నాయుడు దిగాడు. 116 నిమిషాల్లో 153 పరుగులు చేశాడు. 13 ఫోర్లు, 11 సిక్సర్లు. సిక్సర్లే 66 పరుగులు, ఫోర్లు 52. అంటే పరిగెత్తి తీసినవి 35 మాత్రమే. ఒక ఇన్నింగ్స్‌లో అన్ని సిక్సర్లు అప్పటికి రికార్డు. చివరిది వెళ్లి జింఖానా కప్పు మీద పడింది. సభ్యత్వం ఇవ్వని ఇంటి కప్పు మీదికే బంతిని ఎక్కించాడని ఇప్పుడు మనకు అనిపిస్తుంది గానీ, ఆయన బహుశా పొడుగ్గా కొట్టడం గురించి మాత్రమే ఆలోచించి ఉంటాడు. ఆట అయ్యాక ఎం.సి.సి. వాళ్లు ఆయనకు వెండి బ్యాటు బహూకరించారు.

ఈ ఇన్నింగ్స్ తర్వాత భారతీయులు టెస్టులాడగలరని గిల్లిగన్ నమ్మాడు, ఇక్కడి పెద్దలనూ ఒక బోర్డు పెట్టుకోమని పురిగొల్పాడు. 1928 డిసెంబరులో భారత క్రికెట్ కంట్రోల్ బోర్డు ఏర్పడింది. దానికి ఒక్క నాయుడే కారణమనడం అతిశయోక్తి. ఆ మధ్యాహ్నం లేకపోతే అంత తొందరగా అయ్యేది కాదనడం మాత్రం అతిశయోక్తి కాదు.

1932: లార్డ్స్

తొలి టెస్టు పర్యటనకు కెప్టెన్‌ను ఎంచడం సంబంధం కుదిర్చినంత పని అయింది. ముందు పాటియాలా మహారాజు అన్నారు, ఆయన తప్పుకున్నాడు. తర్వాత పోరుబందరు మహారాజు. ఉపనాయకుడు లింబ్డీ రాకుమారుడు. ఆటలో మొనగాడైన నాయుడు వీళ్ల వెనుక. అందులో వింత ఏమీ లేదు, సంస్థానాధీశుడు కాకపోతే సారథి కాలేడన్నది అప్పటి లోకరీతి.

పోరుబందరు మహారాజును ఇక్కడ మెచ్చుకోవాలి. ఆ పర్యటన ఫస్ట్‌క్లాస్ మ్యాచ్‌ల్లో ఆయన చేసినవి 2 పరుగులే. తన వల్ల కాదని తెలుసుకుని హుందాగా పక్కకు జరిగాడు. లింబ్డీకి దెబ్బ తగిలింది. అలా టెస్టు నాటికి కెప్టెన్సీ నాయుడి దగ్గరకు వచ్చింది. ముందురోజు రాత్రి కొందరు ఆటగాళ్లు ఆయన కింద ఆడబోమని మొండికేశారనీ, పాటియాలా మహారాజు తంతి పంపాక దారికొచ్చారనీ చెబుతారు.

1932 జూన్ 25, శనివారం. ఇంగ్లండుకు డగ్లస్ జార్డిన్ కెప్టెన్. మహమ్మద్ నిస్సార్ తొలి ఓవర్లలోనే ఓపెనర్లు సట్‌క్లిఫ్, హోమ్స్ ఇద్దరి వికెట్లూ ఎగరగొట్టాడు. లాల్‌సింగ్ మెరుపులా అందుకుని విసిరితే ఫ్రాంక్ వూలీ రనౌటయ్యాడు. స్కోరు 19కి 3. ఎవరూ ఊహించని ఆరంభం. జార్డిన్ నిలబడి 79 చేశాడు, ఇంగ్లండు 259. ఫీల్డింగ్‌లో చెయ్యి దెబ్బతిన్న నాయుడు ఆ చేత్తోనే 40 కొట్టాడు. భారత్ 189లో అదే అత్యధికం. రెండో ఇన్నింగ్స్‌లో అమర్‌సింగ్ 51 చేసి భారత్ తరఫున తొలి టెస్టు అర్ధ సెంచరీ నమోదు చేశాడు. 158 పరుగులతో ఓడాం.

టెస్టు ఒక్కటే గానీ పర్యటన పొడుగు. ఆ వేసవిలో నాయుడు ఫస్ట్‌క్లాస్‌లో 1,618 పరుగులు చేసి, 65 వికెట్లు తీశాడు. 32 సిక్సర్లు కొట్టాడు. అందులో ఒకటి ఎడ్జ్‌బాస్టన్ మైదానం దాటి, పక్కనున్న రీ నది కూడా దాటింది. అప్పట్లో ఆ నది వార్విక్‌షైర్, వూస్టర్‌షైర్ కౌంటీలకు సరిహద్దు. అలా ఒక కౌంటీలో కొట్టిన బంతి ఇంకో కౌంటీలో పడిందని ఇప్పటికీ చెప్పుకుంటారు. కొల్లేటి పక్కన చేపల చెరువు పట్టుబడి అయ్యాక నీళ్లు తోడేసి, అడుగు ఎండబెట్టి, ఆ నేల మీద టెన్నిస్ బంతితో ఆడే పిల్లలకు ఒక చట్టం ఉంటుంది: బంతి పక్క చెరువులో పడితే సిక్సర్ కాదు, అవుట్. బంతి కొనడానికి మళ్లీ డబ్బులెవరిస్తారు! ఆ లెక్కన ఎడ్జ్‌బాస్టన్‌లో నాయుడు అవుటే.

1933లో విజ్డెన్ వార్షిక గ్రంథం ఏడాది మేటి అయిదుగురిలో ఆయన్ను చేర్చింది. రంజీ, దులీప్, పెద్ద పటౌడీలు అంతకుముందే ఆ గౌరవం పొందారు గానీ వాళ్లు ఇంగ్లండు ఆటగాళ్లుగా పొందారు. భారత జట్టు మనిషిగా అందుకున్న మొదటివాడు నాయుడు.

1933 డిసెంబరులో మన గడ్డ మీద తొలి టెస్టు అదే బొంబాయి జింఖానాలో జరిగింది. ప్రత్యర్థి మళ్లీ జార్డిన్. లాలా అమర్‌నాథ్ 118తో భారత్‌కు తొలి టెస్టు సెంచరీ తెచ్చాడు. రెండోవైపు కుర్రాణ్ని కనిపెట్టుకుని 67 చేసినవాడు కెప్టెన్ నాయుడు, ఇద్దరూ కలిసి 186 జోడించారు. మూడు టెస్టుల్లో రెండు ఓడి, కలకత్తాలో ఒకటి డ్రా చేసుకున్నాం. కెప్టెన్‌గా ఆయనకు అవే ఆఖరి టెస్టులు.

విజ్జీ ఏలుబడి

1936 ఇంగ్లండు పర్యటనకు సారథి పూసపాటి విజయానంద గజపతిరాజు. లోకానికి ‘విజ్జీ’. విజయనగరం రాజకుమారుడు, మకాం కాశీలో. జాక్ హాబ్స్, సట్‌క్లిఫ్‌లను సొంత ఖర్చుతో పిలిపించి ఆడించిన సరదా మనిషి. క్రికెట్ మీద ప్రేమ నిజమే గానీ ఆట అంతంతమాత్రం. మూడు టెస్టుల్లో కలిపి 33 పరుగులు చేశాడు. ఆ ప్రేమలోంచే పంతాలూ పుట్టాయి. జట్టు రెండు వర్గాలైంది. లాలా అమర్‌నాథ్‌ను టెస్టులు మొదలుకాకముందే ఇంటికి పంపేశారు. ఉదయం ఫలహారం బల్ల దగ్గర అందరి ముందూ నాయుణ్ని తూలనాడినందుకే బాకా జిలానీకి టెస్టులో చోటు దక్కిందని ఒక కథ క్రికెట్ లోకంలో స్థిరపడిపోయింది. పర్యటన మధ్యలో విజ్జీకి సర్ బిరుదు వచ్చింది. తర్వాత విచారణ జరిపిన బోమాంట్ కమిటీ 1937లో ఆ కెప్టెన్సీని గట్టిగా తప్పుబట్టింది.

తెలుగు పాఠకుడు ఇక్కడ ఒక్క క్షణం ఆగాలి. 1936 జూలైలో మాంచెస్టర్ టెస్టు ఆడిన పదకొండు మందిలో నలుగురు తెలుగు ఇళ్ల వాళ్లు. కెప్టెన్ పూసపాటి వారు. కొఠారి అన్నదమ్ములు ఇద్దరు, కనకయ్య నాయుడూ, ఆయన తమ్ముడు సి.ఎస్. నాయుడూ. నాలుగోవాడు కోట రామస్వామి, మద్రాసు క్రికెట్‌కు పెద్దదిక్కైన బుచ్చిబాబు నాయుడి కొడుకు, అప్పటికే డేవిస్ కప్ టెన్నిస్ ఆడినవాడు, నలభై ఏళ్ల వయసులో టెస్టు అరంగేట్రం. ఆంధ్ర రాష్ట్రమన్నది ఇంకా ఏర్పడలేదు. ఆంధ్ర జట్టూ లేదు. నలుగురూ నాలుగు బయటి ఊళ్ల నుంచి వచ్చారు: కాశీ, ఇండోర్, మద్రాసు... తమ్ముడిదీ అన్న ఊరే కదా అంటే మూడే అనుకోండి. ఆ టెస్టు మర్చంట్, ముస్తాక్ అలీల 203 పరుగుల ఓపెనింగ్ వల్ల చరిత్రలో నిలిచింది. ఈ నలుగురి సంగతి ఎవరూ పట్టించుకున్నట్టు లేదు.

ఓవల్‌లో నాయుడి చివరి టెస్టు. ఇంగ్లండు కెప్టెన్ గబ్బీ అలెన్ వేసిన బంతి ఒంటికి బలంగా తగిలింది. రుద్దుకోవడం, కూర్చోవడం ఆయన అలవాటు కాదు. 81 చేసి ఇన్నింగ్స్ ఓటమి తప్పించాడు. మొత్తం 7 టెస్టులు, 350 పరుగులు, సగటు 25, వికెట్లు 9. లెక్క చూస్తే మామూలు ఆటగాడే. టెస్టు హోదా వచ్చేనాటికి ఆయన వయసు 36 అని లెక్క చెప్పదు.

హోల్కర్ రోజులు

మిగతావాళ్లు ఆపేసే వయసులో ఆయనకు రెండో జీవితం మొదలైంది. యశ్వంతరావు హోల్కర్ అండతో ఇండోర్‌లో కట్టిన జట్టు 1944–45 నుంచి 1954–55 మధ్య పదిసార్లు రంజీ ఫైనల్ ఆడి నాలుగుసార్లు గెలిచింది. ఆ నాలుగు విజయాలకూ కెప్టెన్ నాయుడే. ముస్తాక్ అలీని ఇండోర్‌లో కుర్రాడిగా ఉన్నప్పుడే పట్టుకుని తీర్చిదిద్దిందీ ఆయనే. జట్టులో క్రమశిక్షణ పటాలంలో ఉన్నట్టు ఉండేది.

1945–46 సీజన్లో మైసూరు మీద హోల్కర్ 8 వికెట్లకు 912 చేసింది. ఒకే ఇన్నింగ్స్‌లో ఆరుగురు సెంచరీలు కొట్టారు, అందులో యాభై ఏళ్ల నాయుడు ఒకడు. ఆ వెంటనే బరోడాతో ఫైనల్లో 200 కొట్టాడు. అంతకుముందు ఏడాది బొంబాయితో ఫైనల్లో తమ్ముడు సి.ఎస్. ఒక్క మ్యాచ్‌లోనే 152.5 ఓవర్లు వేశాడు. 917 బంతులు. బంతి అడిగింది తమ్ముడో, ఇచ్చింది అన్నో, ఎవరి భుజమో! పాపం ఆ సి.ఎస్.కు ఫస్ట్‌క్లాస్‌లో 647 వికెట్లు ఉంటే, 11 టెస్టుల్లో దొరికినవి రెండంటే రెండు.

1951–52 ఫైనల్, మళ్లీ బొంబాయి. 56 ఏళ్ల నాయుడు క్రీజులో ఉండగా దత్తూ ఫడ్కర్ వేసిన బౌన్సర్ నోటికి తగిలింది. రెండు పళ్లు ఊడి పిచ్ మీద పడ్డాయి. అందరూ పరిగెత్తుకొచ్చారు. ఆయన వాళ్లను చేత్తో పక్కకు పొమ్మని, పళ్లను బ్యాటుతో పిచ్ మీంచి పక్కకు తోసి, మళ్లీ గార్డు తీసుకున్నాడు. ఫడ్కర్‌ను ఇంకా వేగంగా వెయ్యమన్నాడు. 66 పరుగులు చేశాడు. హెల్మెట్‌లు లేని కాలం, రాత్రికి మెత్తటి జావ తాగి ఉంటాడు.

1941లో ఒక లివర్ టానిక్ ప్రకటనలో ఆయన బొమ్మ వచ్చింది. సరుకు అమ్మడానికి ముఖం ఇచ్చిన తొలి భారత క్రికెటర్‌గా అందుకూ ఆయన్నే చెబుతారు. ఇప్పటివాళ్ల ప్రకటనలతో పోలిస్తే అది చిల్లరే.

ఆంధ్ర జట్టు, ఆ తర్వాత

1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడింది. ఆ సీజన్లోనే ఆంధ్ర జట్టు తొలిసారి రంజీలో దిగింది. కొత్త జట్టుకు పెద్దమనిషి కావాలి. 58 ఏళ్ల కనకయ్య నాయుడు వచ్చి కెప్టెన్సీ చేశాడు. భారత్‌కు తొలి కెప్టెన్, ఆంధ్రకూ తొలి కెప్టెన్. ఇంటిపేరు తప్ప ఇంకేమీ తెలుగునాట మిగలని కుటుంబం అనుకునేవాళ్లు ఈ ఒక్క సంవత్సరాన్ని గుర్తుపెట్టుకుంటే చాలు.

తర్వాత ఉత్తరప్రదేశ్ తరఫున ఆడాడు. 1956–57లో, 61 ఏళ్ల వయసులో, రాజస్థాన్ మీద 84 కొడుతూ వినూ మన్కడ్ బంతుల్ని రెండుసార్లు సిక్సర్ బాదాడు. ఆయన రంజీ చివరి ఇన్నింగ్స్ 52. 1963–64లో నాగపూర్‌లో మహారాష్ట్ర గవర్నర్ జట్టు తరఫున ఒక ఫస్ట్‌క్లాస్ మ్యాచ్ ఆడేనాటికి 68 నిండాయి. అమెరికాలో సాచెల్ పేజ్ అనే నల్లజాతి పిచర్ 1965లో, 59 ఏళ్ల వయసులో పెద్ద లీగులో బంతి విసిరితే జనం వింతగా చూశారు. యవ్వనమంతా తలుపు బయట గడిపినవాడు ఆయన. నాయుడికి తలుపు తెరిచే ఉంది గానీ లోపల పీట ఆలస్యంగా వేశారు. ఇద్దరూ లేవాల్సిన వేళకు లేవకపోవడానికి కారణం అందులోనే ఉందేమో.

మొత్తం 207 ఫస్ట్‌క్లాస్ మ్యాచ్‌లు, 11,825 పరుగులు, 26 సెంచరీలు, 411 వికెట్లు. సెలెక్షన్ కమిటీకి అధ్యక్షత వహించాడు, బోర్డులో ఉపాధ్యక్షుడిగా పనిచేశాడు, రేడియోలో వ్యాఖ్యానం చెప్పాడు. కూతురు చంద్ర నాయుడు దేశంలో తొలి మహిళా క్రికెట్ వ్యాఖ్యాతల్లో ఒకరు, తండ్రి జీవిత కథ రాసింది. 1956లో పద్మభూషణ్ వచ్చింది, క్రికెటర్లలో ఆయనకే మొదట.

1967 నవంబరు 14న ఇండోర్‌లో మరణించాడు. 1973–74 నుంచి ఆయన పేరిట కుర్రాళ్ల అంతర్రాష్ట్ర పోటీ జరుగుతోంది. బోర్డు జీవిత సాఫల్య పురస్కారానికీ ఆయన పేరే. ప్రతి శీతాకాలం ఆంధ్ర కుర్రాళ్లు ఆ ట్రోఫీ ఆడటానికి వెళ్తారు, స్కోరు కార్డు పైన ‘కర్నల్ సి.కె. నాయుడు’ అని ఉంటుంది. ఆ పొడి అక్షరాల్లో ‘కె’ అంటే కనకయ్య.